అన్నయ్య చెట్టు మొదటి కాపు

తలుపు తియ్యడానికి ఇంతసేపా వదినా? చేతులు కాలిపోతున్నాయిక్కడ. ముందు ఈ గిన్నె అందుకో. ఉత్త చేతుల్తో కాదు, గుడ్డ తీసుకో. బల్ల మీదొద్దు, పొయ్యి మీదే పెట్టు, చల్లారితే నూనె పైకి తేలి గడ్డకడుతుంది.

నీ కొడుకు డేవిస్ ట్రక్కు దారికి అడ్డంగా పెట్టిపోయాడు. వేడి గిన్నె పట్టుకుని ఆ బురదలో దిగి, ముళ్ళకంప దాటుకుని రావాల్సొచ్చింది. నీ కుక్కేమో నేనేదో దొంగనన్నట్టు వాగు దగ్గర్నించీ మొరుగుతూ వెంటపడింది. దానికెలా తెలిసిందో ఏమో.

ఏం లేదులే. ఊరికే అన్నాను.

ఆ చప్పుడేంటి? షెడ్డులో డేవిసేనా? బంతాట కర్రలు గీకుతున్నాడా. ఆ చెట్టువేనా? అవునులే, ఇంకే చెట్టువవుతాయి. నేనూ ఒకదాన్ని, అడగడం.

కిటికీ మూసెయ్యి వదినా. చలేం వెయ్యట్లేదు. ఆ గీకుడు వింటూ నేను మాట్లాడలేను.

కూర్చో. నువ్వు నిలబడితే నాకు మాట రాదు. కాఫీ వద్దు. నాకు కాఫీ పొయ్యడం దండగ ఈ మధ్య. ఎందుకంటే... చెప్తా, అది చెప్పడానికే వచ్చాను.

మూత తియ్యకు ఇంకా. కనూచే, హికరీ కాయలు దంచి కాచిందే. వాసన నీకు తెలుస్తూనే ఉండుంటుంది. రేపు చర్చిలో వండేది కాదు, ఇది వేరే. కాసేపు ఉండనీ.

నీ చెట్టు గురించి వచ్చాను వదినా. అన్నయ్య చెట్టు. నువ్వు మొదటి కాపు తెచ్చి నా ముందు పెట్టావు, నేను చేదని ఊశాను, నా మాట మీద నువ్వు కొట్టించేశావు. అంతే కదా ఊరందరికీ తెలిసింది?

అంతే కాదు. ఆ కాయ చేదో తీపో నాకు తెలియదు. ఆ రోజూ తెలియదు, ఇవాళా తెలియదు.

అదుగో, అలా చూస్తావనే ఇన్నాళ్ళూ ఈ గడప తొక్కలేదు.

నాకు రుచి పోయింది. అలా తల పక్కకి పెట్టి చూడకు, అర్థంకాని మాటేం కాదు. పోయిన శీతాకాలం జ్వరమొచ్చి పడుకున్నాను చూడు, నువ్వే చికెన్ చారు కాచి పంపించావు. అది తాగితే వేడినీళ్ళు తాగినట్టుంది. వదినకి ఉప్పు వెయ్యడం కూడా మర్చిపోయేంత వయసొచ్చింది పాపం అనుకున్నాను. తర్వాత కాఫీ అంతే. ఉల్లిపాయ కొరికితే కళ్ళు మండాకగానీ అది ఉల్లిపాయని తెలియలేదు.

జ్వరం తగ్గితే అదే వస్తుందనుకున్నాను. వసంతం వచ్చింది. అడవి ఉల్లి వేయిస్తుంటే ఇల్లంతా గుప్పుమంటుంది కదా, మా ఆయన రోడ్డు మీంచే ముక్కెగబీలుస్తూ వచ్చాడు. నాకేం లేదు. పళ్ళెం నిండా పెట్టుకుని తిన్నాను, కొయ్యముక్క నమిలినట్టే ఉంది. ఆ రోజు తెలిసింది ఇక ఇది వచ్చేది కాదని.

చెప్పలేదు. ఎవరికీ చెప్పలేదు. మా ఆయన హోయ్ట్‌కి కూడా. ఒకరోజు చిక్కుళ్ళ గిన్నె ముందు పెడితే, 'ఏంటి, మేకలు నాకే ఉప్పుగడ్డ వండావా' అన్నాడు. నీ నాలుకే మొద్దుబారిందని నేనే ఎదురు తిరిగి కేకలేశాను. ఆయన నోరుమూసుకుని తిన్నాడు పాపం. ఇప్పుడు ఆయనే వచ్చి పొయ్యి దగ్గర నిలబడి, ఉప్పు చూడనా అంటాడు. తెలిసిపోయిందేమో అనిపిస్తుంది. అడగడు, నేను చెప్పను.

ఎలా చెప్పమంటావు? నేనేంటో నీకు తెలుసుగా. దేవుడు నాకు అందం ఇవ్వలేదు. పాట ఇవ్వలేదు, నేను పాడితే పాస్టరు నేల చూస్తాడు. చదువు మా అన్నయ్యకి ఇచ్చాడు. నాకొక్క నాలుక ఇచ్చాడు. మా అవ్వ మనవరాళ్ళందర్నీ వరసగా కూర్చోబెట్టి, కళ్ళు మూయించి, నోట్లో హికరీ పప్పు ముక్కలు పెట్టి చూసింది. ఇది చర్చి వెనక చెట్టుది, ఇది వాగు అవతలి గట్టుది అని చెప్పుకుంటూ పోయాను నేను. మిగతా పిల్లలు బయటికి పోయి ఆడుకున్నారు. అప్పట్నుంచీ ఊళ్ళో కాయల బుట్టలు రుచికి నా ముందుకే వస్తున్నాయి.

నిజం చెప్పాలంటే మిగతా హికరీ చెట్లకి నాలుక అక్కర్లేదు. బెరడు పొరలు పొరలుగా ఊడి వేలాడుతుంటే చూపులేనివాడైనా తడిమి చెప్తాడు తీపని. కొమ్మ చివర మొగ్గకి పసుపు పూసినట్టుంటే చేదు, ఇంక కాయ కోసం కూడా ఆగక్కర్లేదు. ప్రాణం తీసేది ఈ నున్నబెరడు హికరీయే. ఐదు రెక్కల ఆకు, పల్చటి తొక్క, కాయ అంజూరపండులా తొడిమ దగ్గర సన్నగా. చెట్టు చెట్టుకీ ఏ తేడా కనపడదు. ఒకదాని పప్పు వెన్నలా ఉంటుంది, పక్కదాని పప్పు తింటే పెదాలు కుట్టేసినట్టవుతుంది. దానికి మాత్రం నాలుకే కావాలి. మీ చెట్టు ఆ రకమే అవ్వాలా, నా ఖర్మ కాకపోతే.

మా అమ్మ పెరట్లో చెట్టు కూడా అదే రకం కదా. గుర్తుందా? నువ్వు పెళ్ళయి వచ్చిన కొత్తలో ఆ కనూచి తిని, అత్తగారు దీన్లో పాలు కలిపిందని మొండికేశావు. అమ్మ నీ చెయ్యి పట్టుకుని లాక్కుపోయి రోలు చూపించింది. అన్నయ్య చచ్చేదాకా ఆ మాట చెప్పుకుని నవ్వాడు.

ఆ చెట్టు గాలివానకి పడిపోయిన ఏడు వాడు జేబులనిండా కాయలేరుకొచ్చాడు. ఎన్ని పాతిపెట్టాడో. ఉడతలు వరసలు చూసుకుని మరీ తవ్వుకుపోయాయి. మళ్ళీ పెట్టాడు. ఈసారి ఖాళీ కాఫీ డబ్బాలు తెచ్చి, అడుగున మొలక దూరేంత కంత చేసి, ఒక్కో కాయ మీదా ఒక్కో డబ్బా బోర్లించి పూడ్చాడు. నువ్వేమో ఊళ్ళో డబ్బాలన్నీ నా ఇంటికే చేరుతున్నాయని నాతో మొత్తుకున్నావు.

ఒక్కటి బతికింది. డేవిస్ అప్పుడింకా పాకుతున్నాడు. ఏళ్ళు గడుస్తున్నా ఆ మొక్క జానెడు దాటి లేవదు. పీకేసి టమాటా పెడతానన్నావు నువ్వు. 'అది కిందికి పెరుగుతోంది, దాని పని దాన్ని చేసుకోనీ' అనేవాడు. నిజమే, వేరు నా నడుం లోతు దిగుంటుంది అప్పటికే. జింకలు చివర్లు కొరికితే తీగ చుట్టాడు. కరువొచ్చిన ఏడు స్నానం నీళ్ళు మోసి పోశాడు.

కాపు చూడకుండానే పోయాడు. ఆస్పత్రిలో నా చెయ్యి పట్టుకుని ఏమన్నాడో నీకు చెప్పానా? చెప్పలేదనుకుంటా. 'కాసినప్పుడు నువ్వు చూడు' అన్నాడు. రుచి చూడు అని వాడి అర్థం. నాకే అప్పగించాడు.

వద్దు, చెయ్యి పట్టుకోకు. ఇంకా చెప్పాల్సింది ఉంది. మొత్తం విన్నాక పట్టుకుంటావో లేదో చూద్దాం.

ఆ రోజు నువ్వు చర్చికి వేసుకునే నీలం స్వెట్టరు వేసుకుని వచ్చావు. జుట్టు దువ్వుకున్నావు. కాయలు అన్నయ్య రుమాల్లో మూటగట్టి తెచ్చావు. ఒక్కటైనా కొరికి చూడలేదు, ఇంట్లో అలవాటు ప్రకారం మొదటి కాపు ముందు నా నోట్లో పడాలని. వరండా మెట్టు మీద రాయితో కొట్టాను. సూదితో పప్పు తీశాను. నోట్లో వేసుకున్నాను. నువ్వు నా పెదాలే చూస్తున్నావు.

ఏమీ లేదు వదినా. సుద్దముక్క.

ఇంకాస్త నమిలాను. నాలుక ఆ పక్కకి, ఈ పక్కకి తిప్పాను. ఇంతైనా రాకపోతుందా అని. అన్నయ్య చెట్టు కదా, దానికోసమైనా ఒక్కసారి తిరిగొస్తుందేమోనని. రాలేదు.

అప్పుడే చెప్పెయ్యొచ్చు. నాకు తెలియట్లేదు, నువ్వే తిని చూడు అని. ఎంతసేపు పడుతుంది ఆ మాటకి? నువ్వేమనేదానివి? అయ్యో అనేదానివి. నాలుగు మాటలు ఓదార్చేదానివి. సాయంత్రానికి ఊరంతా తెలిసేది, తెలిస్తే ఏం, ఎవరూ నన్ను రాళ్ళతో కొట్టేవాళ్ళు కాదు. ఇదంతా ఇప్పుడు చెప్తున్నాను. ఆ మెట్టు మీద కూర్చున్నప్పుడు ఒక్కటే లెక్క వేసుకున్నాను.

తీపి అన్నాననుకో, నువ్వు తీసుకెళ్ళి చర్చి కుండలో వేస్తావు. అది నిజంగా చేదైతే? కాలీ పిన్ని గతి మర్చిపోయావా? ఒక్కసారి, ఒక్క సమాధి భోజనంలో ఆవిడ కుండ చేదైంది. ఆవిడ పోయినప్పుడు గొయ్యి పక్కన నిలబడి కూడా జనం ఆ కనూచి గురించే గుసగుసలాడారు. నేనూ ఆడాను.

అదే చేదు అన్నాననుకో, ఎవరు మళ్ళీ తిని చూస్తారు? నేను ఊసిన కాయ ఈ కొండ మీద ఇంకెవరూ నోట్లో పెట్టుకోరు. పట్టుబడే దారే లేదు. అది ఆలోచించే ఊశాను వదినా. రెప్పపాటులో ఆలోచించాను, కానీ ఆలోచించాను. నీ కళ్ళముందే మొహం వికారంగా పెట్టి, మెట్టు పక్కన ఊసి, నీళ్ళు తెమ్మని కూడా అడిగాను. నువ్వు పరిగెత్తుకెళ్ళి తెచ్చావు.

పైగా నీకు సముదాయింపు ఒకటి. తల్లి తీపైతే పిల్లా తీపవ్వాలని ఏం లేదు వదినా, గాలి ఏ చెట్టు పుప్పొడి మోసుకొచ్చిందో అన్నాను. ఎంత తేలిగ్గా అన్నాను.

నువ్వు ఏడవలేదు. 'పోనీలే, ఆయన ఆశ ఆయనతోనే పోయింది' అని రుమాలు దులిపావు. కాయలు మెట్ల మీద దొర్లుకుంటూ పోయాయి. రుమాలు మాత్రం జాగ్రత్తగా మడిచి జేబులో పెట్టుకున్నావు. నాకా మడత పెట్టడమే కళ్ళల్లో ఉండిపోయింది.

ఒక్క నీ చెట్టే కాదు. పైగట్టు మీద ఉండే ఆవిడ బుట్ట తెస్తే అది కూడా చేదేనన్నాను. పందులకి పోసిందట. పందులు ఆవురావురుమంటూ తిన్నాయని నవ్వుతూ చెప్పింది. నేనూ నవ్వాను. ఈ ఏడు అనుమానం వచ్చినవన్నీ చేదే. అందుకే కాయ తక్కువైందని చర్చి ఆడవాళ్ళు గొణుక్కుంటున్నది.

కొట్టించేస్తావని నాకు తెలియదు.

కాదు, అదీ అబద్ధమే. అబద్ధాలు చెప్పకూడదని దారి పొడుగునా అనుకుంటూ వచ్చాను, అలవాటైపోయింది. డేవిస్ బంతాట కర్రల కోసం నిటారుగా పెరిగిన హికరీ వెతుకుతున్నాడని నాకు తెలుసు. తీపి చెట్టు మీద వాడు గొడ్డలెత్తడనీ తెలుసు. చేదన్న మాట విన్న వారానికే వాడు ఆ చెట్టు చుట్టూ తిరిగి, మాను తట్టి చూస్తుంటే మా పెరట్లోంచి చూశాను. అప్పుడైనా రావచ్చు. బట్టలు ఆరేసుకుంటూ ఉండిపోయాను.

వాణ్ణేం అనకు. వాడు మేనత్త మాట నమ్మాడు.

రంపం చప్పుడు వినపడగానే మాత్రం పరిగెత్తుకొచ్చాను. ఆపుదామనే వచ్చాను, నమ్ము నమ్మకపో. వాగు దాటేసరికి సగం కోసేశాడు. సగం కోశాక ఆపితే మాత్రం ఏం లాభం అనుకున్నాను. ఆయాసపడుతూ నిలబడితే, పాపం ఎంత దూరం నడిచొచ్చిందో అని నువ్వు కుర్చీ తెచ్చి వేశావు. కూర్చున్నాను. మా అన్నయ్య చెట్టు పడుతుంటే కుర్చీలో కూర్చుని చూశాను.

పడ్డ కొమ్మల మీదకి ఉడతలు ఎలా దిగాయో చూశావా నువ్వు? మనుషులు అక్కడే ఉన్నారన్న భయం కూడా లేదు. చేదు చెట్టు కిందకి ఉడత చలి ముదిరి వేరే గతి లేకపోతేగానీ రాదు, నీకు చెప్పాలా. నువ్వు డేవిస్‌కి నీళ్ళందిస్తున్నావు, చూసుండవు. నేను చూశాను.

మర్నాడు నువ్వు చర్చి ఊడవడానికి పోయినప్పుడు వచ్చి, ఆ కొమ్మల్లో ఉడతలు మిగిల్చినవి ఏరుకున్నాను. చాటుగా వచ్చాను, చాటుగా పోయాను. నీ కుక్క నన్ను అప్పుడే పసిగట్టింది. ఇందాక దాన్నేదో అన్నాను గానీ, దాని తప్పేం లేదు.

నీళ్ళలో పోసి తేలినవి పారేశాను, పురుగు తొలిచినవి. మునిగినవి పొయ్యి పక్కన ఆరబెట్టాను. మా ఆయన ఇవెక్కడివంటే, దొరికాయన్నాను. నిన్న రోట్లో పోసి పెంకుతో సహా దంచాను. ఉండ కడుతుంటే నూనె కారి వేళ్ళ సందుల్లోంచి జారింది. దాన్ని చూసి మురిసిపోవడానికి లేదు, చేదుదానికీ నూనె అలాగే ఉంటుంది. పొద్దున వేడినీళ్ళలో కరిగించి, పాత దుప్పటిగుడ్డ రెండు మడతలేసి వడకట్టాను. బూడిదనీళ్ళలో ఉడికించిన మొక్కజొన్న కలిపాను. చక్కెర వెయ్యలేదు. చక్కెర వేస్తే అసలు సంగతి తేలదు.

అవును. ఆ గిన్నెలో ఉన్నది అదే.

హోయ్ట్‌కి ఒక్క చెంచా పెడితే తేలిపోయేది, నిజమే. ఆయన కడుపులో మాట పూట నిలవదు. కానీ దానికి కాదు పెట్టనిది. ఆ మొదటి కాపు నీది. నా నోట్లో పడి ఒకసారి చెడింది, ఇంకొకరి నోట్లో ఎందుకు పడాలి?

అలా అనుకో. అను, ఇంకా అను. నీ అన్న చెట్టేనే అది అంటావు, నాకు తెలియదా? అది తెలిసే కదా రాత్రిళ్ళు గోడ చూస్తూ పడుకుంటున్నది. రేపు అందరూ బుట్టలు తెచ్చి చర్చి వంటింట్లో నా ముందు పెడతారు. అక్కడ ఏం చేస్తానన్నది తర్వాత సంగతి. ముందు నీ దగ్గర తేలాలి నాకు.

చేదైందనుకో, నేను అబద్ధం ఆడి కూడా నిజమే చెప్పినట్టవుతుంది. పాపం పాపమేలే, అది నాకు తప్పదు. కానీ చెట్టు నా వల్ల పోయినట్టు కాదు. చేదు చెట్టు ఎలాగూ కర్రలకే పోయేది. కాస్త నిద్ర పడుతుంది.

తీపైందనుకో...

కొన్ని కాయలు దంచకుండా ఉంచాను. బకెట్లో తడి ఇసక పోసి దాన్లో పెట్టాను, వరండా కింద. చలికాలమంతా చలి తగిలితేగానీ మొలవవు కదా అవి. తీపైతే వసంతంలో వాటిని నాటుతాను. డబ్బాలు కూడా కొట్టి పెట్టుకున్నాను, అన్నయ్య చేసినట్టే. వాటి కాపు నువ్వూ తినవు, నేనూ తినను, ఆ సంగతి నాకు తెలుసు. ఆ మొద్దుకి చిగురొస్తుంది, అది కూడా అంతే. దీన్ని ప్రాయశ్చిత్తం అనట్లేదు నేను. చేదైతే మాత్రం బకెట్టు వాగులో బోర్లించేస్తాను.

ఎక్కడికి లేస్తున్నావు? వెళ్ళిపొమ్మంటే వెళ్తాను వదినా. గిన్నె మాత్రం బయట పారబొయ్యకు, నన్ను తిట్టినా ఫర్వాలేదు, అది పారబొయ్యకు.

చెంచా కోసమా. సరే. సరే. కూర్చో, నేను చిన్నగిన్నెలో పోసిస్తాను.

ఊదుకుని తిను, నోరు కాలుతుంది. ఊరికే మింగెయ్యకు, నాలుక మీద కాసేపు ఉంచుకో. చేదు ముందు తెలియదు, గొంతు దిగాక వెనకనుంచి వస్తుంది. నీకు చెప్తున్నాను చూడు, నాకేదో తెలిసినట్టు.

ఊఁ?

మొహంలో ఒక్క గీతైనా కదలదేంటి నీకు. మీ వదినతో పేకాట కూర్చోకూడదే అనేవాడు అన్నయ్య.

ఇంకో చెంచానా? తెలియలేదా ఇంకా. తీసుకో, తొందరేం లేదు.

ఆ గోడవైపు ఏం చూస్తున్నావు? వాడి టోపీ ఇంకా అక్కడే తగిలించి ఉంచావా. నేను రాగానే చూళ్ళేదు. చూడకుండా ఉండటం నేర్చుకున్నాను చాలా వాటిని.

తల వంచుకునే తింటావేంటి వదినా. ఒక్కసారి నావైపు చూడు. కళ్ళేంటలా ఉన్నాయి? ఆవిరా. సరే, ఆవిరే.

చప్పుడాగింది, విన్నావా? డేవిస్ పని ఆపినట్టున్నాడు. లోపలికి వస్తాడేమో. వస్తే రానీ, వాడి ముందు కూడా చెప్తాను. నువ్వు ముందు నాకు చెప్పు. ఒక్క మాట. ఇన్నేళ్ళూ అందరూ నా నోరు చూశారు, ఇప్పుడు నీ నోరు చూస్తూ కూర్చుంటే తెలుస్తోంది నాకు, ఆ మెట్టు మీద నీకెలా ఉండుంటుందో.

ఏమన్నావు? వినపడలేదు, గట్టిగా చెప్పు.

చేదా.

పచ్చి చేదు అంటున్నావు. నేను సరిగ్గానే చెప్పానంటున్నావు. ఆ చెట్టుని కొట్టించి మంచిపనే చేశామంటున్నావు. ఇంటికిపోయి సుబ్బరంగా పడుకోమంటున్నావు.

వదినా, ఆ చిన్నగిన్నె ఇటు చూపించు.

వెనక్కి లాక్కుంటావెందుకు, చూపించు.

ఒక్క గింజ మిగల్లేదు దీన్లో. అడుగున తేట కూడా తాగేశావు. నా మొహం చూసి చేదని చెప్తూనే అంచు వేలితో తుడిచి నాక్కున్నావు, నీకే తెలియలేదు. కాలీ పిన్ని కుండ రోజు నేనూ నువ్వూ ఒకే బెంచీ మీద కూర్చున్నాం. నువ్వు ఒక్క చెంచాకే గిన్నె బల్ల కింద పెట్టేసి కుక్కని పిలిచావు. చేదు తిన్న మొహం నీది ఎలా ఉంటుందో నాకు బాగా తెలుసు.

అబద్ధం చెప్పడం నీకు చేతకాదు. ఇన్నేళ్ళు నాకింత దగ్గర్లో ఉండి కూడా నేర్చుకోలేదు.

సరేలే. చేదే. నువ్వన్నావు కాబట్టి చేదే. నేను ఊస్తే నువ్వు నమ్మలేదా, నువ్వు చెప్తే నేను నమ్మకూడదా? రేపు చర్చిలో మాత్రం బుట్టల ముందు కూర్చోను. నాకు రుచి పోయిందని అందరికీ చెప్పేస్తాను. బకెట్టు జోలికి వెళ్ళకు, అది నేను పారబొయ్యను.

ఇటివ్వు గిన్నె. ఇంకో గరిటె పోస్తాను, తిను.